రీలు పులిసే లోపు

మన నల్లగొండ జిల్లా హాలియా లాంటి ఊళ్లకు ఒకప్పుడు సినిమా బస్సు టాపు మీద వచ్చేది. రేకు డబ్బాలు, లోపల రీళ్లు. ఊరూరా ఆడి, గీతలు పడి, తెగిన చోటల్లా అతుకులు వేయించుకున్న ఆ ప్రింటు చివరికి ఎటు పోయిందని ఎవరూ అడగలేదు. అలాంటివి చాలావరకు ఫిల్ములోని వెండి తీసేవాళ్ల చేతికే పోయాయి.

దర్శకుడి పేరు అవార్డులతో నిలుస్తుందనుకుంటాం. నిలిచేది నెగెటివ్‌తో. రఘుపతి వెంకయ్య నిర్మించగా కొడుకు ప్రకాశ్ తీసిన ‘భీష్మ ప్రతిజ్ఞ’ (1921) ఇప్పుడు లేదు. వెంకయ్య పేరిట పురస్కారం ఉంది, చూద్దామంటే సినిమా లేదు.

‘రాజా హరిశ్చంద్ర’ తీసిన ఫాల్కేకు ఆ గతి పట్టకపోవడానికి కారణం పి.కె. నాయర్. 1964లో పుణెలో మొదలైన జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్‌కు ప్రాణం పోసిన మనిషి. ‘రాజా హరిశ్చంద్ర’ నాలుగు రీళ్లలో ఆయనకు దొరికినవి మొదటిది, చివరిది. ‘కాళీయ మర్దన్’ అయితే తునకలుగా వచ్చింది. ఫాల్కే చేతిరాత నోటుబుక్కు ముందు పెట్టుకుని, ఏ ముక్క తర్వాత ఏ ముక్కో చూసి వరుస కూర్చాడు. ఆ నోటుబుక్కు చిత్తుకాగితాల్లో పోయి ఉంటే రీళ్లున్నా సినిమా ఉండేది కాదు.

మన సంగతికొద్దాం. బి. నర్సింగరావు నిర్మించిన ‘మా భూమి’లోని సాయుధ పోరాటం నల్లగొండ పల్లెల్లోనూ సాగినదే. ఆయనే తీసిన ‘దాసి’ (1988) అయిదు జాతీయ అవార్డులు తెచ్చుకుంది. అందులో దుస్తులకు అవార్డు అందుకున్న పిట్టంపల్లి సుదర్శన్ మనకు పక్కనున్న మిర్యాలగూడ మనిషి. ‘దాసి సుదర్శన్’ అన్నదే ఆయన పేరైపోయింది. 2024లో కన్నుమూశారు.

‘దాసి’ యూట్యూబ్‌లో ఉంది కదా అంటారు. అరిగిన వీడియో కాపీలో దాసి కట్టిన చీర నేత తెలియదు, గడీ గోడ మీది మసక వెలుగు తెలియదు. మంచి డిజిటల్ కాపీ కావాలన్నా మళ్లీ నెగెటివ్ దగ్గరికే పోవాలి. ఆ ఫిల్మేమో ఎండకూ చెమ్మకూ పులుస్తుంది. డబ్బా మూత తీస్తే వెనిగర్ వాసన గుప్పుమంటుంది. ఆ పులుపు పక్క రీళ్లకూ అంటుకుంటుంది. నల్లగొండ ఎండల్లో మామూలు గదిలో రీళ్లు పెట్టడమంటే వాటిని చంపుకోవడమే.

శాసనాలకు, ఫర్మానాలకు ప్రభుత్వం చోటిచ్చింది. తెలంగాణ సినిమాకూ చల్లని, పొడి గది ఒకటి కావాలి. దాన్ని చూసుకునే తర్ఫీదు పొందిన మనుషులు కావాలి. ఒక విగ్రహం కన్నా ముందు పెట్టాల్సిన తప్పనిసరి ఖర్చు ఇది. ఇక మన వంతు: అటక మీద పాత రీలు, స్టిల్లు, స్క్రిప్టు కాగితం ఏది కనిపించినా పాత సామాన్లవాడికి తూకానికి వేయకండి.