ఆ కుర్చీ ఎవరబ్బ సొత్తు?



"కోటాలో వచ్చింది కదా" అనే మాట వినకుండా క్యాంపస్ దాటినవాళ్లు మనలో ఎంతమంది ఉంటారు? అమెరికాలో ఆ మాటకు కాస్త ఇస్త్రీ చేసిన పేరు ఒకటి ఉంది: డైవర్సిటీ. ఆ మాట ఒక బాస్కెట్‌బాల్ రిపోర్టర్ జీవితంలో ఏం చేసిందో ఈ భాగంలో చూద్దాం. ఆటల కబుర్లు మనకెందుకు అనుకోకండి. ఇది కుర్చీల కథ.

ఆమె పేరు మరియా టేలర్. 1987లో పుట్టిన నల్లజాతి మహిళ. జార్జియా యూనివర్సిటీ జట్టులో వాలీబాల్ ఆడింది, బాస్కెట్‌బాల్ కూడా ఆడింది. జర్నలిజంలో డిగ్రీ చేసింది, తర్వాత అదే యూనివర్సిటీలో ఎంబీఏ చేసింది. కాలేజీ మ్యాచ్‌లకు మైక్ పట్టుకుని మొదలై, 2014లో ఈఎస్‌పీఎన్ వాళ్ల ఎస్‌ఈసీ నెట్‌వర్క్‌కు చేరింది. 2017లో ‘కాలేజ్ గేమ్‌డే’కి వచ్చింది. 2019లో ‘ఎన్‌బీఏ కౌంట్‌డౌన్’ హోస్ట్ అయింది.

ఇందులో ఎక్కువ కాలం ఆమె చేసింది సైడ్‌లైన్ రిపోర్టర్ పని. అంటే కోర్టు గీత బయట నిలబడి చేసే పని. ఆటగాడు కాలు పట్టుకుని కూలబడితే బెంచీ వెనక్కి వెళ్లి ఏమైందో కనుక్కోవాలి. క్వార్టర్ అయ్యాక, ఓడిపోతూ చిరాకుగా ఉన్న కోచ్‌ను ఆపి, అరనిమిషంలో పనికొచ్చే ఒక్క మాట రాబట్టాలి. గంటలు గంటలు చదివి వస్తే తెర మీద దక్కేది కొన్ని నిమిషాలు. ఆ కొన్ని నిమిషాల్లోనూ జనం చూసేది బట్టలే. 2020 సెప్టెంబరులో ఒక ఫుట్‌బాల్ మ్యాచ్ సైడ్‌లైన్‌లో ఆమె కనబడగానే, చికాగోలో ఒక రేడియో హోస్ట్ ఆమె దుస్తుల మీద నీచమైన ట్వీట్ పెట్టాడు. ఆ స్టేషన్ అతన్ని తీసేసింది. నోటిదురుసు మగవాడిని తీసేయడం సులువే. అసలు కథ అంతకు రెండు నెలల ముందు, చాలా మర్యాదైన గొంతుతో జరిగిపోయింది.

2020 జూలై. జార్జ్ ఫ్లాయిడ్ హత్య జరిగి రెండు నెలలు కూడా కాలేదు. కోవిడ్ వల్ల ఎన్‌బీఏ ఆటలన్నీ ఫ్లోరిడాలోని డిస్నీ వరల్డ్‌లోకి మారాయి. ఈఎస్‌పీఎన్‌లోనే పనిచేసే తెల్లజాతి బ్రాడ్‌కాస్టర్ రేచల్ నికోల్స్ అక్కడ హోటల్ గదిలో ఫోన్ మాట్లాడుతోంది. గదిలో పని కోసం పెట్టిన కెమెరా ఆన్‌లో ఉన్న సంగతి ఆమెకు తెలియదు. ఫైనల్స్‌కు హోస్ట్ తానే అనుకుంది, ఆ పని టేలర్‌కు వెళ్లింది. తనకు ఇస్తామన్నది సైడ్‌లైన్. ఫోన్‌లో ఆమె అన్నదాని సారం ఇదీ: టేలర్ అంటే నాకేం కోపం లేదు, బాగుపడనీ. డైవర్సిటీలో మీ రికార్డు చెత్తగా ఉందని ఒత్తిడి వస్తే ఆమెకు ఇంకేదైనా ఇచ్చుకోండి. నాది మాత్రం తీసి ఇవ్వకండి.

"నాది." ఈ ఒక్క మాట దగ్గర ఆగండి.

ఆడవాళ్లను ఆ సంస్థ ఎలా చూస్తుందో తనకు అనుభవమేనని అదే ఫోన్‌లో ఆమె అంది. అది అబద్ధమని నేను అనను. హోస్ట్ పని తన కాంట్రాక్టులో రాసి ఉందనీ అంది. అలాగే అనుకుందాం. అప్పుడు మాట తప్పింది ఎవరు? యాజమాన్యం. మరి వేలు ఎవరి వైపు తిరిగింది? పక్కన నిలబడ్డ నల్ల మహిళ వైపు. టేలర్ ఆటలు, చదువు, ఏళ్ల తరబడి మైక్ పట్టుకున్న రాత్రులు, అన్నీ ఒక్క వాక్యంలో ‘ఒత్తిడి’ అయిపోయాయి. నికోల్స్ కుర్చీలో కూర్చుంటే అది కష్టార్జితం. టేలర్ కూర్చుంటే దానం.

అగ్రకుల స్నేహితులు మనకు చేసేది సరిగ్గా ఇదే. వాళ్లలో చాలామంది చెడ్డవాళ్లు కాదు. మన పుట్టినరోజుకు కేకు తెస్తారు. మనకు స్కాలర్‌షిప్ వస్తే సంతోషిస్తారు. వాళ్లది అనుకున్న సీటు దగ్గరకు మనం వచ్చినప్పుడే లెక్క మారుతుంది. అప్పటిదాకా మార్కులు తెచ్చుకున్న మనిషివి, ఆ నిమిషం నుంచి సర్టిఫికెట్ తెచ్చుకున్న మనిషివి.

ఇక శిక్ష ఎవరికి పడిందో చూడండి. ఆ వీడియో సంస్థ సర్వర్‌లోకి ఎక్కి ఉద్యోగుల చేతుల్లో తిరిగింది. ఏడాది పాటు సంస్థ కప్పిపుచ్చింది. 2021 జూలైలో న్యూయార్క్ టైమ్స్ బయటపెట్టినప్పుడు లోకానికి తెలిసింది ఏమిటంటే, అప్పటిదాకా ఈ వ్యవహారంలో శిక్ష పడింది ఒక్కరికే. వీడియోను టేలర్‌కు చేరవేసిన ప్రొడ్యూసర్‌కు. జీతం లేకుండా రెండు వారాల సస్పెన్షన్. ఆమె కూడా నల్లజాతి మహిళే. అన్నవాళ్లకు ఏమీ కాలేదు, అన్నారని చెప్పినామెకు కూడు కోశారు. గోడ మీద బూతు రాసినవాణ్ణి వదిలేసి, ఫొటో తీసి పెట్టినవాణ్ణి హాస్టల్ నుంచి పంపే పద్ధతి ఇది.

రచ్చ అయ్యాక నికోల్స్ తన షోలో క్షమాపణ చెప్పింది. ఆ ఏడాది ఫైనల్స్ సైడ్‌లైన్ నుంచి ఆమెను తప్పించి, మలికా ఆండ్రూస్ అనే యువ నల్లజాతి రిపోర్టర్‌ను పెట్టారు. తర్వాత నికోల్స్ షో కూడా ఆపేశారు. ఇక్కడ మనం జాగ్రత్తగా ఉండాలి. మరకను తుడుచుకోవడానికి సంస్థ ఏమైనా చేస్తుంది. కానీ "మలికాను అందుకే పెట్టారు" అని మనం అంటే, నికోల్స్ మాటను మన నోటితో అన్నట్టే. సంస్థ బుద్ధిని ప్రశ్నిద్దాం, ఆ అమ్మాయి పనిని కాదు.

టేలర్ కాంట్రాక్టు 2021 జూలై 20న ముగిసింది. సరిగ్గా ఆ రాత్రే మిల్వాకీ బక్స్ ఛాంపియన్ అయిన ఫైనల్స్ ఆరో మ్యాచ్. ఆ చివరి రోజు దాకా పని చేసి, బయటికి వచ్చింది. మూడు రోజుల్లో ఎన్‌బీసీ తరఫున టోక్యో ఒలింపిక్స్‌లో ఉంది.

అదే టోక్యోలో మన హాకీ జట్టులో వందనా కటారియా ఉంది. దక్షిణాఫ్రికా మీద మూడు గోల్స్ కొట్టింది. ఒలింపిక్స్‌లో హ్యాట్రిక్ కొట్టిన తొలి భారత మహిళ ఆమే. నాలుగు రోజుల తర్వాత సెమీఫైనల్ ఓడితే, హరిద్వార్ దగ్గర ఆమె ఇంటి ముందు టపాకాయలు కాల్చి కులం పేరుతో తిట్టారు. జట్టులో దళితులు ఎక్కువయ్యారు కాబట్టే ఓడిపోయిందన్నారని ఆ కుటుంబం ఫిర్యాదు చేసింది. గెలిస్తే దేశం కూతురు, ఓడితే కోటా. హోటల్ గదిలోని మెత్తటి గొంతుకూ ఇంటి ముందు టపాకాయకూ మోతలోనే తేడా. రెండూ చెప్పేది ఒక్కటే: ఇది నీ చోటు కాదు.

అంతెందుకు, ఆటలను మనకు చెప్పే మీడియానే చూడండి. 2019లో ఆక్స్‌ఫామ్ ఇండియా, న్యూస్‌లాండ్రీ కలిసి ఇచ్చిన నివేదికలో, పరిశీలించిన 121 నాయకత్వ పదవుల్లో 106 అగ్రకులాల చేతిలో ఉన్నాయి. ఎస్సీ, ఎస్టీలు సున్నా. ఆ గదుల్లో రిజర్వేషన్ లేదు, రోస్టర్ లేదు. మెరిట్ తప్ప ఇంకేమీ లేదంటారు. మరి ఆ మెరిట్ అన్నిసార్లూ అవే ఇళ్ల అడ్రసు ఎలా కనుక్కుంటోంది? అసలు కోటా అంటే అదీ.

2025 అక్టోబరులో ఎన్‌బీఏ తిరిగి ఎన్‌బీసీకి వచ్చినప్పుడు స్టూడియోలో ప్రధాన హోస్ట్ మరియా టేలర్. ట్రంప్ వస్తూనే ప్రభుత్వంలో డైవర్సిటీ కార్యక్రమాలు ఎత్తేయమని ఆదేశాలిచ్చిన ఏడాది అది. మరి ఇప్పుడు ఏ ఒత్తిడితో ఇచ్చారమ్మా కుర్చీ?

కానీ ఈ గెలుపుతో కథ ముగించకండి. టేలర్‌కు పిలిచే ఇంకో ఛానల్ ఉంది. జీతం కోసిన ప్రొడ్యూసర్ ముఖం తెర మీద ఎవరికీ తెలియదు. మనలో ఎక్కువమందిమి టేలర్‌లం కాదు, ఆ ప్రొడ్యూసర్‌లం. గొప్పగా రాణిస్తేనే మనకు హక్కు ఉన్నట్టయితే అది హక్కు కాదు, పరీక్ష. వాళ్లలో సగటు మనిషికి దొరికే కుర్చీ మనలో సగటు మనిషికీ దొరకాలి. అడగాల్సింది అదీ.

కాబట్టి తమ్ముళ్లూ చెల్లెళ్లూ, రేపు ఎవరైనా "నువ్వు కోటాలో వచ్చావా" అంటే మార్కుల జాబితా తీయకండి. "ఆ సీటు నీదని నీకు ఎవరు రాసిచ్చారు?" అని అడగండి. ఆ మాట అన్నారని చెప్పినందుకు మనలో ఎవరినైనా శిక్షిస్తే, ముందు వాళ్ల పక్కన నిలబడండి. పెద్ద పేర్లకు చప్పట్లు ఎవరైనా కొడతారు. జీతం పోయిన మనిషి పక్కన నిలబడేవాళ్లే మనవాళ్లు.

మిగతాది వచ్చే భాగంలో. జై భీమ్.