హాస్టల్ జైలు కాకూడదంటే...

"ఇది హాస్టలా, జైలా?" అని తరచు విసుక్కుంటాం. కానీ మిత్రులారా, జైలంటే తాళమొక్కటే కాదు. 1906లో పూర్తయిన అండమాన్ సెల్యులార్ జైలులో నడుమ గోపురం, చుట్టూ ఏడు విభాగాలు, దాదాపు 700 ఒంటరి గదులు. ఒక వరుస గదుల ముందు భాగం ఎదుటి వరుస వెనుక గోడవైపే ఉండేది. ఖైదీకి తోటి ఖైదీ ముఖం కనిపించదు. వెంటిలేటరు చేతికందదు. కొట్టకుండానే మనిషిని కుంగదీసే కట్టడం అది. 1922-24 రంప తిరుగుబాటులో పట్టుబడిన మన మన్యం వీరుల్లో కొందరిని ఆ దీవులకే పంపారు.

మన గదులు ఇరుకైతే గాలి, వెలుతురు అడుగుదాం. అది మన హక్కు. అయితే సీతంపేట కొండల నుంచి వచ్చిన తమ్ముడి సవర మాటకి మనం నవ్వితే, వాడు మూలకి చేరితే, ఆ ఒంటరి గది కట్టింది మనమే. ఈ రాత్రి భోజనాల దగ్గర వాణ్ణి మన పక్కన కూర్చోబెట్టుకుందాం.