కూడితే 16.45 కోట్లు

రెండు సంఖ్యల మొత్తం 101, తేడా 25. అవి ఏవి? భాస్కరాచార్యుడు 1150లో రాసిన 'లీలావతి'లోని లెక్క ఇది. మొత్తానికి తేడా కలిపి సగం చేస్తే పెద్దది, 63. తీసేసి సగం చేస్తే చిన్నది, 38. ఎక్స్, వైలతో పనిలేని ఈ కిటుకు పేరు సంక్రమణం.

ఇప్పుడు అదే బాపతు మరో లెక్క. 2011 జనగణనలో ఆరేళ్ల వరకు వయసున్న పిల్లలు 16.45 కోట్ల మంది. ఆడపిల్లల కన్నా మగపిల్లలు 69.5 లక్షలు ఎక్కువ. సంక్రమణం చేస్తే అబ్బాయిలు 8.57 కోట్లు, అమ్మాయిలు 7.88 కోట్లు. అంటే వెయ్యి మందికి 919 మంది.

జవాబు వచ్చింది కదా అని పలక పక్కన పెట్టేస్తే పొరపాటే. ఆ 69.5 లక్షలనూ 'మాయమైన అమ్మాయిలు' అని ఆవేశపడే వక్తలు ఒక షరతు మరిచిపోతారు. ప్రకృతి సహజంగానే ప్రతి 100 మంది ఆడశిశువులకు దాదాపు 105 మంది మగశిశువులు పుడతారు. ఆ నిష్పత్తినే పట్టుకుంటే 8.57 కోట్ల అబ్బాయిలకు 8.16 కోట్ల అమ్మాయిలు ఉండాలి. లోటు సుమారు 28 లక్షలు. (పుట్టాక అశ్రద్ధతో పోయినవారూ ఇందులోనే ఉన్నారు, ఈ లెక్క వాళ్లను విడదీయలేదు.) వక్తలు చెప్పేదాంట్లో సగం కూడా లేదు. అయినా ఓ మహానగరం నిండే జనం.

గర్భస్థ శిశువు లింగనిర్ధారణను నిషేధిస్తూ చట్టం వచ్చింది 1994లో. అంతకుముందు, 1991లో వెయ్యికి 945 మంది ఉండేవారు. చట్టం వచ్చాక 2001లో 927, 2011లో 919. హర్యానాలోనైతే 834.