తిండివీధిలో నడక

మన బెంగుళూరునందు ఇటీవలి సంవత్సరములలో ఒక క్రొత్త వ్యాపారము వర్ధిల్లుచున్నది. రుసుము చెల్లించినచో ఒక మార్గదర్శి పది పన్నెండుమందిని వెంటబెట్టుకొని పాతపేటలలో రెండు మూడు గంటలు కాలినడకను త్రిప్పును. ఇచట ఒక దోసెముక్క, అచట ఒక గ్రుక్కెడు కాఫీ, వేరొకచోట సగము హోళిగె రుచి చూపించి, వాని కథలు చెప్పి పంపివేయును. జపానుదేశమున ఓసాకా, క్యోటో నగరములందు ఇట్టి నడకలు మిక్కిలి ప్రసిద్ధములు. ఓసాకావారికి ‘కుఇదావోరె’ అను పలుకుబడియే కలదు. తిండికై ఉన్నదంతయు ఊడ్చుకొని కూలబడుట అని దాని భావము. మనవారికిని ఆ భాగ్యము పట్టినదని సంతసింపవలెనో, చింతింపవలెనో ఒక్కమాటలో చెప్పజాలము.

తలిదండ్రులు కొందరు మమ్మడిగిరి: ‘మా పిల్లలను అట్టి నడకలకు పంపవచ్చునా?’ నడక మంచిదే. కాని వేయిరూపాయలకు పైబడిన రుసుమిచ్చి, మన వీధులను మనమే పరదేశులవలె చూచుట మన పిల్లలకు తగదు. ఆ నడకను పాఠశాలయే నడుపవలెనని మా అభిప్రాయము. అందులకు కారణములు చెప్పవలసియున్నది.

మొన్న ఒక ఆదివారము సాయంకాలము మేమును రుసుము చెల్లించి అట్టి నడకకు పోయితిమి. విశ్వేశ్వరపురమున సజ్జనరావు కూడలి దగ్గరనున్న వీధిని కన్నడిగులు ‘తిండిబీది’ అందురు. ప్రొద్దు గ్రుంకుసరికి అచట పెనములు వేడెక్కును. దోసెలు, అక్కిరొట్టెలు, పడ్డులు, హోళిగెలు ఒకదాని వాసన నొకటి త్రోసిరాజనుచుండును. మార్గదర్శి యువకుడు, మర్యాదస్థుడు. ఇంగ్లీషున ధారాళముగా మాటలాడెను. ఏ అంగడి ఎంత పాతదో, ఏ నటుడు ఎచట తినెనో చక్కగా చెప్పెను. ఒక పెనము ముందు హోళిగెలు కాల్చుచున్న ఒక అమ్మ మా మాట విని, ‘ఇంగొగటి తినండి సార్, ఏమైతాది’ అనినది. ఆమెది హిందూపురము దగ్గరి పల్లె. ఆమె చేతి పనిని అందరును ఫోటో తీసికొనిరి. ఆమెను పలుకరించినవారు లేరు. మార్గదర్శియు గడియారము చూచుకొని ముందునకు సాగెను. రెండున్నర గంటలలో ఎనిమిది రుచులు ముగియవలెను గదా!

ఆ వీధిలో మేము తెలుగు పంతులము గనుక మాకు తిండికంటె మాటలే ఎక్కువ రుచించినవి. చలికాలమున ఇచట అనపకాయలకు కొదువ లేదు. వానిని నానబెట్టి, తొక్క జారునట్లు వ్రేళ్లతో నొక్కి తీసిన పప్పును కన్నడమున ‘హితికిద బేళె’ అందురు. చిత్తూరు, కోలారు ప్రాంతముల తెలుగు ఇండ్లలో దానినే ‘పితికిన పప్పు’ అందురు. మాట ఒక్కటే. హళెగన్నడమునందు పకారముతో మొదలైన పెక్కు మాటలు కాలక్రమమున హకారమునకు మారినవి. మన పాలు వారికి హాలు, పువ్వు హూవు, పండు హణ్ణు, పొగ హొగె. కావుననే మన పితికినది వారి హితికిదె. హోళిగెను రాయలసీమలో ఓళిగ అనువారు కలరు. కోస్తావారు బొబ్బట్టు అందురు. ఈ ఊరివారికిని ‘ఒబ్బట్టు’ తెలియును. పుళియోగరెలోని ‘ఓగర’ మన నిఘంటువులలోని ‘ఓగిరము’నకు చుట్టము, రెండును అన్నమే. ఈ సూత్రము నల్లబల్లపై వ్రాసి చెప్పినచో పిల్లవాడు పరీక్షవరకే జ్ఞాపకముంచుకొనును. చేతిలో వేడి ఓళిగ పెట్టి చెప్పినచో జన్మలో మరువడు.

చుట్టరికమున్నచోట చిక్కులును ఉండును. కన్నడమున ‘తిండి’ యనగా ఉదయపు ఫలాహారము, చిరుతిండి, మనకది ఆహారమంతయు. వారి ‘ఊట’ భోజనము. మన ఊట నేలలోనుండి ఉబుకు నీరు. ‘ఊట ఆయితా?’ అని ఇరుగింటివారు అడిగినప్పుడు తెల్లబోయి చూచు పిల్లలు ఆంధ్రమునుండి క్రొత్తగా వచ్చిన కుటుంబములలో ఏటేట కనబడుచుందురు.

మేము శిక్షణ పొందినది పొరుగు రాష్ట్రమున. అచటి వాచకములలో మినపపప్పు, వేరుసెనగ అని ఉండును. మన పిల్లల ఇండ్లలో ఉద్దిపప్పు, చెనిక్కాయలు. కర్నూలువైపువారు బుడ్డలు అందురు, తెలంగాణమువారు పల్లీలు అందురు. పరీక్షాపత్రమున ‘ఉద్దిపప్పు’ అని వ్రాసిన బాలునికి ఎఱ్ఱసిరా గీత పడరాదని మా గట్టి నమ్మకము. ఆ మాట తప్పు కాదు. వాడి అవ్వ అనంతపురమునుండి మూటగట్టి తెచ్చుకొన్న సొత్తు.

కన్నడదేశపు తిండిని గూర్చి తెలుగువారు పలికిన మాటలలో ప్రసిద్ధమైనది శ్రీనాథునిదని చెప్పబడు ఒక చాటువు. రాజదర్శనమునకై విజయనగరము చేరి, కుల్లాయి పెట్టుకొని, అలవాటు లేని వెల్లుల్లి తిలపిష్టము మ్రింగి, అంబలి త్రాగి, దయ చూపుమని కన్నడ రాజ్యలక్ష్మిని వేడుకొన్నాడట ఆ మహాకవి. పల్నాటి జొన్నకూటినిగూడ ఆయన విడిచిపెట్టలేదు. కవిసార్వభౌముడు గనుక చెల్లినది. పొరుగువాని పళ్లెము చూచి ముక్కు విరుచు హక్కు మన పిల్లలకు ఆయన పేర సంక్రమింపదు. ఆంధ్ర భోజనమనగా కారమనియు, ఆ కారము మన పుట్టుకతో వచ్చినదనియు గొప్పలు పోవువారు ఒకటి గమనింపవలెను. మిరపకాయ అమెరికాఖండమునుండి పోర్చుగీసువారి ఓడలలో వచ్చినది. శ్రీనాథుడు మిరపకాయ ఎరుగడు. ఇప్పుడు గుంటూరు మిరప ఘాటునకు, హావేరి జిల్లా బ్యాడగి మిరప రంగునకు పేరుపొంది, ఈ నగరపు వంటిండ్లలో ఒకే డబ్బాలో కలిసియున్నవి.

ఇక మార్గదర్శులు చెప్పని సంగతులు కొన్ని కలవు. లాల్‌బాగు రోడ్డులోని మావళ్లి టిఫిన్ రూమ్సు 1924లో మొదలైనప్పుడు దాని పేరు బ్రాహ్మణ కాఫీ క్లబ్బు. నడకలో ఆ పేరు చెప్పినప్పుడు అందరును చిరునవ్వు నవ్విరి. నవ్వవలసిన సంగతి కాదది. ఆ దినములలో ఫలాహారశాలకు ఎవరు రావచ్చునో, ఎవరు గుమ్మమావల నిలువవలెనో పెక్కుచోట్ల ఆచారము నిర్ణయించుచుండెను. 1950లో అమలునకు వచ్చిన రాజ్యాంగము 15వ అధికరణమున అంగళ్లు, భోజనశాలలు, హోటళ్లు అని పేరు పెట్టి, జాతి, మత, కుల, లింగ, జన్మస్థలములను బట్టి ఎవ్వరిని లోనికి రానీయక ఆపరాదని శాసించినది. దోసె తినుటకు లోనికి పోవుట కూడ రాజ్యాంగమున వ్రాసుకొనవలసినంత పెద్ద విషయమైనదని మన పిల్లలకు తెలియవలదా? ఈనాడు వరుసలో నిలుచున్నవారిని ఎవరును కులమడుగరు. ఆ మార్పు దానంతట రాలేదు.

అదే ఫలాహారశాలకు 1975లో అత్యవసర పరిస్థితినాడు ధరలు తగ్గింపవలసి వచ్చి నష్టము కలిగినది. పనివారిని నిలుపుకొనుటకు యజమానులు పొడుల వ్యాపారమును పెంచిరి. నేడు మీ ఇండ్లలో కత్తిరించు రవ్వ ఇడ్లీ పొట్లము వెనుక ఆ కథ కలదు. రవ్వ ఇడ్లీయే రెండవ ప్రపంచయుద్ధకాలమున బియ్యము దొరకనప్పుడు పుట్టినదని వారు చెప్పుదురు. ఇట్లే 1957లో కాఫీ బోర్డు తన కాఫీ హౌసులను మూసివేయగా, పని పోయినవారు బెంగుళూరున సహకారసంఘముగా ఏర్పడి తామే వానిని నడుపుకొనిరి. వడ్డించువాడే భాగస్వామి! ఏ నటుడు ఏ బల్లకడ కూర్చుండెనో తెలిసికొనుటకంటె ఇది మేలు కాదా?

మరియొక లోపము. మేము పోయిన నడకలో మిలిటరీ హోటలు ఒక్కటియు లేదు. రాగిముద్ద, మాంసపు పులుసు పెట్టు ఆ భోజనశాలలు ఈ నగరమునకు ఎంతో పాతవి. ఆ పేరెట్లు వచ్చెనో పలు విధములుగా చెప్పుదురు. మన పాఠశాలలో సగమునకు మించిన పిల్లల ఇండ్లలో సంగటి, మాంసము వండుకొందురు. అయినను మధ్యాహ్నము డబ్బా మూత సగమే తెరచి, చేయి అడ్డుపెట్టుకొని తిను బాలికలను మేము చూచుచున్నాము. నగరపు తిండి అని చెప్పి దోసెను మాత్రమే చూపువారు ఆ అడ్డుపెట్టిన చేతిని మరింత బిగింపజేయుచున్నారు. తినుట, తినకపోవుట ఎవరి ఇష్టము వారిది. లేనట్లు నటించుట మాత్రము చదువు చెప్పువారికి పనికిరాదు.

తలిదండ్రుల ఆక్షేపణలు మాకు తెలియును. ‘చదువుకొమ్మని పంపితిమి గాని వీధులు తిరుగుటకా?’ అందురు. భాషాల్పసంఖ్యాకుల పిల్లలకు ప్రాథమిక దశయందు మాతృభాషలో బోధన జరుగునట్లు చూడవలెనని 1956లో రాజ్యాంగమున 350-అ అధికరణము చేర్చబడినది. ఆ రక్షణ మనకు అవసరమే. కాని రక్షణ ఇచ్చు గోడ, పిల్లవానిని లోపల బంధించు గోడ కారాదు. తెలుగులో చదివి, కన్నడములో బేరమాడనేర్చిన బాలుడు ఈ ఊరిలో ఎచటనైనను తలయెత్తుకొని నిలువగలడు. శుభ్రతను గూర్చిన భయము న్యాయమైనది. కన్నులెదుట వేడిగా కాల్చినది మాత్రమే తినవలెను; కోసియుంచిన పండ్లు, ఐసు వేసిన పానీయములు వలదు; త్రాగునీరు ఇంటినుండి తెచ్చుకొనవలెను. పిల్లలకు కాఫీ బదులు మజ్జిగ చాలును.

మరియు వీధివారి కష్టము కూడ తలపవలెను. క్యోటోలో నిషికి బజారు అని సుమారు 400 ఏండ్ల చరిత్రగల సన్ననిసందు కలదు. తినుచు నడచు యాత్రికుల రద్దీ పెరుగగా, నడచుచు తినవలదని అచట యాత్రికులను కోరవలసి వచ్చినది. కొన్న అంగడికడనే నిలిచి తిని, ఆకు, కాగితము అచటనే బుట్టలో వేసి కదలవలెను. మన తిండివీధి వెనుక ఇండ్లలోను పసిపాపలు, ముసలివారు నిద్రింపవలసినవారే కలరు.

మా యోచన ఇది. తొమ్మిదవ తరగతివారు పదేసిమంది చొప్పున జట్లుగా బయలుదేరుదురు. మార్గదర్శి విద్యార్థియే. ఆ పేటలోనే పుట్టి పెరిగి, తండ్రితో మూటలు మోసిన బాలునికంటె మంచి మార్గదర్శి ఎచట దొరకును? ప్రతి అంగడికడ మూడు ప్రశ్నలు: ఈ వంటకమును మీ ఇంట నేమందురు? ఇందలి సరుకు ఏ ఊరినుండి వచ్చినది? చేయుచున్నవారు ఎచటివారు? ప్రశ్న కన్నడమున, వ్రాత తెలుగున. అడుగక ఎవరి ఫోటోయు తీయరాదు. ఊరకే రుచి చూచి పారవేయుట నిషిద్ధము. కొన్నది పూర్తిగా తినవలెను, లేదా పంచుకొనవలెను. ఒక కాఫీని ఇరువురు పంచుకొను ‘బైటూ’ అను చక్కని ఆచారము ఈ నగరమున ఉండనే ఉన్నది.

మొదటి నడకకు తిండివీధికంటె బసవనగుడిలోని కడ్లెకాయి పరిషె మేలని తోచుచున్నది. కార్తికమాసపు కడపటి సోమవారమున దొడ్డబసవన్న ఆలయమువద్ద జరుగు ఈ జాతరకు కర్ణాటకమునుండియే గాక ఆంధ్ర, తమిళ ప్రాంతములనుండియు వేరుసెనగ రాశులు వచ్చును. చేలు మేయుచున్న ఎద్దును శాంతింపజేయుటకు రైతులు తొలిపంట సమర్పింపసాగిరని స్థలకథ. ఆలయమును కెంపేగౌడ కట్టించెనందురు. ఆయన బెంగుళూరుకోటకు పునాది వేసినది 1537లో. వేరుసెనగయు మిరపవలెనే అమెరికానుండి వచ్చిన పంట. అంత త్వరగా సుంకేనహళ్లి చేలకు చేరెనా అని ప్రశ్నించు విద్యార్థి ఉన్నచో వానికి ఒక సేరు కాయలు మేము కొనిపెట్టుదుము.

ఆ దినము మధ్యాహ్నపు గంట మ్రోగిన పిమ్మట బయలుదేరి, దీపములు పెట్టువేళకు మరలి వత్తుము. ప్రతివారును ఒక గుడ్డసంచి, ఒక నోటుపుస్తకము, ముప్పది రూపాయలు తెచ్చుకొనవలెను. తేలేనివారికి పాఠశాల ఇచ్చును, ఎవరికి ఇచ్చినదియు ఎవరికిని చెప్పదు. తలిదండ్రులలో వీలున్నవారు, ముఖ్యముగా ఆ వీధులలో పెనముముందు నిలుచువారు, మూటలు మోయువారు, ఆ దినము మాతో కూడ రావలెనని కోరుచున్నాము. చెప్పవలసినది వారికడనే ఎక్కువగా కలదు.