ఒక్క మ్యాచ్‌తో ముగిసే సీజన్

సూర్యలంక బీచ్ ఇసుకలో బంతి దొర్లదు. ఎంత గట్టిగా తన్నినా నాలుగు గజాలు పోయి ఆగిపోతుంది, తన్నిన కాలేమో చీలమండ దాకా దిగబడుతుంది. అందుకే అక్కడ ఆడే కుర్రాళ్లు బంతిని వీలైనంతసేపు గాల్లోనే ఉంచాలని చూస్తారు. ఆట జరుగుతూ జరుగుతూ అలలు తడిపి గట్టిపరిచిన పట్టీ మీదికి చేరితే మాత్రం ఒక్కసారిగా వేగం వచ్చేస్తుంది. గోల్ పోస్టులంటే రెండు జతల చెప్పులు. రిఫరీ ఉండడు, గోల్ అయిందా లేదా అన్నది గొంతు పెద్దదున్నవాడు తేలుస్తాడు.

ఈ కుర్రాళ్లకు ఆట మీద ఇష్టం లేదని ఎవరూ అనలేరు. వాళ్లకు లేనిది సీజన్.

ఇక్కడికి తొమ్మిది కిలోమీటర్ల దూరంలో ఉన్న బాపట్ల కాలేజీల ఊరు. అటు చీరాల, ఇటు నిడుబ్రోలు, తెనాలి, రేపల్లె, ఎక్కడ చూసినా డిగ్రీ కాలేజీలు, ఇంజనీరింగ్ కాలేజీలు. అయినా మన దగ్గర కాలేజీ ఫుట్‌బాల్ జట్టు బతుకు ఎలా ఉంటుందంటే, ఇంటర్ కాలేజియేట్ టోర్నమెంట్ ఉందని నోటీసు బోర్డులో కాగితం పడుతుంది. పీడీ సారు పదహారు మందిని పోగేస్తారు. వారం రోజులు సాయంత్రాలు ప్రాక్టీసు. ఒకరి బూట్లు ఇంకొకరికి సరిపోతాయేమోనని వేసి చూసుకుంటారు. పొద్దున్నే బస్సెక్కి టోర్నమెంట్ జరిగే కాలేజీకి వెళ్తారు. పదకొండింటికి మ్యాచ్, పన్నెండున్నరకు ఓటమి. భోజనం ప్యాకెట్లు తిని తిరుగు బస్సు. ఆ ఏడాదికి అంతే.

లెక్క వేస్తే సంగతి ఇంకా తేటగా కనిపిస్తుంది. పదహారు జట్ల నాకౌట్‌లో మొత్తం 15 మ్యాచ్‌లు. ఎనిమిది జట్లు ఒక్కటే ఆడి ఇంటికి పోతాయి. కప్పు కొట్టిన జట్టుకు కూడా దక్కేవి నాలుగే. మూడేళ్ల డిగ్రీలో ఓ మంచి డిఫెండరు పోటీ మ్యాచ్‌లు ఎన్ని ఆడినట్టు? వేళ్లు మిగిలిపోతాయి. యూనివర్సిటీ జట్టుకు సెలక్షనూ ఆ రెండు మూడు రోజుల్లోనే. అక్కడి నుంచి సౌత్ జోన్ అంతర్ విశ్వవిద్యాలయ పోటీలకు వెళ్లి, సీజన్ పొడుగునా లీగులాడి వచ్చిన కేరళ కుర్రాళ్ల ముందు నిలబడాలి. నాలుగు గోల్స్ పడ్డాయని తర్వాత ఆశ్చర్యపోవడం అనవసరం.

ఇంకో చిత్రం ఉంది. బాపట్ల వ్యవసాయ కళాశాల 1945లో పుట్టింది. ఇప్పుడది ఎన్‌జీ రంగా వ్యవసాయ విశ్వవిద్యాలయం కిందిది. కాబట్టి దాని ఇంటర్ కాలేజియేట్ పోటీలు తిరుపతితో, మహానందితో, రాజమహేంద్రవరంతో, ఎక్కడో శ్రీకాకుళం దగ్గరున్న నైరతో. అదే ఊళ్లో 1981లో వచ్చిన ఇంజనీరింగ్ కాలేజీ నాగార్జున యూనివర్సిటీ గొడుగు కింద ఉంది. చీరాల సెయింట్ ఆన్స్ ఇంజనీరింగ్ కాలేజీది కాకినాడ జేఎన్‌టీయూ. ఆటోలో పోయేంత దూరంలో ఉన్నవాళ్లు అధికారికంగా తలపడరు, రాత్రంతా రైల్లో కూర్చుని రాష్ట్రం ఆ కొసకు పోయి తలపడతారు. యూనివర్సిటీల సరిహద్దులు పరీక్ష పేపర్లకు అవసరమే. బంతికెందుకు?

మన పిల్లలు ఎమ్మెస్‌కని వెళ్లే అమెరికాలో కాలేజీ ఫుట్‌బాల్ అంటే ఒక పండగ. ఆ బంతి కోలగా ఉంటుంది, కాలి కంటే చేతిలోనే ఎక్కువ కనిపిస్తుంది, అది వేరే సంగతి. 1869 నవంబరు 6న రట్గర్స్, ప్రిన్స్‌టన్ కాలేజీలు ఆడిన మ్యాచ్‌ను అక్కడ ఆ ఆటకు మొదలుగా చెప్పుకుంటారు. ఇవాళ పెద్ద కాలేజీ జట్టు మామూలు సీజన్లో 12 మ్యాచ్‌లు ఆడుతుంది. మిషిగన్ స్టేడియంలో లక్షా ఏడు వేల మంది కూర్చుంటారు. అంత డబ్బు, అంత హంగామా మనకు అక్కర్లేదు, అందులోని రోత కూడా అక్కర్లేదు. తెచ్చుకోవలసింది వాళ్ల క్యాలెండరు. ఈ శనివారం ఓడినా వచ్చే శనివారం ఇంకో మ్యాచ్ ఉంటుంది. కోచ్ తప్పు దిద్దేది, ఆటగాడు దిద్దుకునేది ఆ రెండు శనివారాల నడుమే.

మన గడ్డ మీదే ఈ విద్య తెలిసిన మనిషి ఒకాయన ఉండేవారు. హైదరాబాద్ సయ్యద్ అబ్దుల్ రహీం. ఉస్మానియాలో చదివి బడిపంతులుగా పనిచేసిన మనిషి. 1950 నుంచి వరసగా ఐదేళ్లు రోవర్స్ కప్పు గెలిచిన హైదరాబాద్ సిటీ పోలీసు జట్టును తీర్చిదిద్దింది ఆయనే. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో దేశాన్ని నాలుగో స్థానానికి చేర్చిందీ, 1962లో జకార్తాలో దక్షిణ కొరియాను 2-1తో ఓడించి ఆసియా క్రీడల స్వర్ణం తెచ్చిందీ ఆయన శిక్షణే. 2024లో వచ్చిన ‘మైదాన్’ సినిమా ఈ పెద్ద గెలుపుల కథ. అసలు చూడాల్సింది అంతకు ముందు ఆయన స్థానికంగా పెట్టిన చిత్రమైన పోటీలను. ఒక టోర్నమెంట్లో డ్రిబ్లింగ్ నిషేధం. ఇంకోదాంట్లో వాటం లేని కాలితోనే తన్నాలి. ఆటగాడు పుట్టుకతో రాడు, పోటీలు పెడితే వస్తాడని ఆయన లెక్క.

ఆ లెక్క ఈ కాలంలోనూ తప్పలేదు. మిజోరం మన ఒకటి రెండు జిల్లాల జనాభా కూడా లేని రాష్ట్రం. 2012లో సొంత ప్రీమియర్ లీగ్ మొదలుపెట్టింది, 2014లో సంతోష్ ట్రోఫీ ఎత్తుకుపోయింది. 2016-17లో ఆ రాష్ట్రానిదే అయిన ఐజ్వాల్ జట్టు ఐ-లీగ్ విజేత. అదే సంతోష్ ట్రోఫీని ఆంధ్రప్రదేశ్ గెలిచింది 1965-66లో. అనంతపురంలో రూరల్ డెవలప్‌మెంట్ ట్రస్టు పల్లె పిల్లలతో ఫుట్‌బాల్ లీగ్ నడుపుతోంది. కరువు సీమలో సాగింది కాలవల సీమలో సాగదంటే నమ్మడం కష్టం.

ఎనిమిది కాలేజీలు చాలు. తెనాలి వీఎస్ఆర్ అండ్ ఎన్‌వీఆర్, నిడుబ్రోలు పీబీఎన్, రేపల్లె ఏబీఆర్, బాపట్లలో మూడు, చీరాలలో రెండు. ఒక్కో జట్టు మిగతా ఏడింటితో ఒకసారి ఆడితే 28 మ్యాచ్‌లు, సొంత గ్రౌండులో ఒకటి, పరాయి గ్రౌండులో ఒకటి అనుకుంటే 56. తెనాలి, నిడుబ్రోలు, బాపట్ల, చీరాల ఒకే రైలు మార్గం మీద ఉన్నాయి. రేపల్లె వాళ్లు తెనాలిలో బండి మారితే సరి. పొద్దున వెళ్లి రాత్రికి ఇల్లు చేరే దూరాలే అన్నీ, హోటల్ ఖర్చు లేదు. తెనాలి జేఎంజే లాంటి మహిళా కాలేజీలతో అమ్మాయిల లీగ్ కూడా పక్కనే నడపొచ్చు.

తేదీల దగ్గర మాత్రం జాగ్రత్త కావాలి. ఈ తీరంలో అక్టోబరు నుంచి డిసెంబరు దాకా ఆకాశాన్ని నమ్మకూడదు. 2023 డిసెంబరు 5న మిగ్‌జాం తుపాను తీరం దాటింది బాపట్ల దగ్గరే. సంక్రాంతి సెలవులు అయ్యాక జనవరి, ఫిబ్రవరి శనివారాలైతే ఎండా ముదరదు, బురదా ఉండదు. ఇక హాజరు. డెబ్బై అయిదు శాతం అంటూ ప్రిన్సిపాళ్లు మొదట అడ్డుపెట్టేది దాన్నే. మ్యాచ్ రోజును హాజరుగా వేసుకోవడానికి ఒక సర్క్యులర్ సరిపోతుంది, కాకపోతే మూడు యూనివర్సిటీలూ ఇవ్వాలి.

మొదటి ఏడాది అంత బరువు ఎత్తుకోలేమంటే సూర్యలంక ఎలాగూ ఉంది. బీచ్ సాకర్‌కు జట్టుకు ఐదుగురు, పన్నెండు నిమిషాల చొప్పున మూడు భాగాలు, ఉత్త కాళ్లతోనే ఆట. 2005 నుంచి దానికి ఫిఫా ప్రపంచ కప్పు ఉంది. మన దేశంలో జాతీయ పోటీలు 2023లో సూరత్‌లో మొదలయ్యాయి, కేరళ గెలిచింది. పర్యాటక శాఖ బీచ్ ఉత్సవాలకు వేసే స్టేజీ ఖర్చులో ఒక మూల తీసి రెండు జతల పోస్టులు, కొలత ప్రకారం గీతలు, ఇద్దరు రిఫరీలను ఇస్తే ఎనిమిది కాలేజీల ఐదుగురి జట్లు రెండు వారాంతాల్లో మొత్తం 28 మ్యాచ్‌లూ ఆడేస్తాయి.