అండమాన్ దీవులలో పార్టీల పోటీ: పరిపాలన ఎవరిది?

మన సోదర ఉద్యోగులలో అండమాన్ చూచి వచ్చినవారు ఈనాడు తక్కువమంది కారు. ఎల్.టి.సి. నిబంధనలలో ఆ దీవులకు విమాన ప్రయాణపు సడలింపు ఇచ్చినప్పటి నుండి కుటుంబ సమేతంగా వెళ్ళి, సెల్యులార్ జైలు ముందు ఫోటో తీయించుకొని వచ్చినవారు ప్రతి డివిజన్‌లోను ఉన్నారు. తిరిగి వచ్చి వారందరూ చెప్పే మాట ఒకటే: అక్కడ బజారులో ఎటు తిరిగినా తెలుగు వినబడుతున్నదని. నిజమే. 2011 జనాభా లెక్కల ప్రకారం దీవుల జనాభా 3,80,581. అందులో నూటికి 13 మందికి పైగా తెలుగు మాతృభాషగా గలవారు, అనగా సుమారు యాభై వేలమంది. బెంగాలీ, హిందీ, తమిళముల తరువాతి స్థానం తెలుగుదే. శ్రీకాకుళం, విజయనగరం, విశాఖ జిల్లాల నుండి ఓడ మీద వెళ్ళి, చేపల వేటలోను, కట్టడపు పనులలోను కుదురుకొని, అక్కడనే పిల్లలకు పెండ్లిండ్లు చేసిన కుటుంబాలవి. ఆ మూడు లక్షల ఎనభై వేలమందిని పరిపాలిస్తున్నది ఎవరు అన్న ప్రశ్న మాత్రం యాత్రకు వెళ్ళినవారికి తట్టదు.

తట్టవలసిన ప్రశ్న అది. ఎందుకనగా అక్కడ రాజకీయ పార్టీలు కలవు, నాయకులు కలరు, జెండాలు, ఊరేగింపులు, ఎన్నికల తగాదాలు అన్నీ కలవు. లేనిది ఒక్కటే, ఆ పార్టీలు గెలిచి నడుపవలసిన ప్రభుత్వం. శాసనసభ లేదు. ముఖ్యమంత్రి లేడు. మంత్రివర్గం లేదు. రాజ్యసభలో ఒక్క స్థానమైనా లేదు. 1956 నవంబరు 1న కేంద్రపాలిత ప్రాంతమైన నాటి నుండి రాష్ట్రపతి పేరిట కేంద్ర హోంశాఖ నియమించిన అధికారియే పాలకుడు. 1982 వరకు ఆయనను చీఫ్ కమిషనర్ అన్నారు, ఆ తరువాత లెఫ్టినెంట్ గవర్నర్ అంటున్నారు. 1962లో రాజ్యాంగానికి 14వ సవరణ చేసి 239-ఎ అధికరణాన్ని చేర్చినప్పుడు హిమాచల్, మణిపూర్, త్రిపుర, గోవా, పుదుచ్చేరిలకు శాసనసభలు ఏర్పరచుటకు వీలు కల్పించారు. అండమాన్ ఆ జాబితాలో లేదు. దానికి 240వ అధికరణమే గతి. ఆ అధికరణం క్రింద రాష్ట్రపతి జారీచేసే రెగ్యులేషన్‌కు పార్లమెంటు చేసిన చట్టంతో సమానమైన బలం కలదు. ఆ దీవులకు వర్తించే పార్లమెంటు చట్టాన్ని సైతం అది మార్చగలదు, రద్దు చేయగలదు. ఢిల్లీలో ఒక ఫైలు కదిలితే దీవులలో చట్టం మారుతుందన్నమాట.

లోక్‌సభకు ఒక్క సభ్యుడు కలడు. 1967 వరకు ఆయననూ రాష్ట్రపతియే నామినేట్ చేసేవారు. మొదటి లోక్‌సభలో ఆ స్థానంలో కూర్చున్నది నికోబారీల బిషప్ జాన్ రిచర్డ్‌సన్. 1967లో మొదటిసారి ప్రజలు ఓటు వేసి కె.ఆర్. గణేష్‌ను పంపారు. ఆ నాటి నుండి 2024 వరకు పదిహేను ఎన్నికలు జరిగినవి. ఆ పదిహేనింటిలో గెలిచినవారు నలుగురే! గణేష్ రెండు పర్యాయాలు, మనోరంజన్ భక్త ఎనిమిది పర్యాయాలు, విష్ణుపద రే నాలుగు పర్యాయాలు, కులదీప్ రాయ్ శర్మ ఒకసారి. కేంద్రంలో ఆర్థికశాఖ సహాయమంత్రిగా పనిచేసిన గణేష్ 1977 ఫిబ్రవరిలో జగ్జీవన్‌రామ్‌తో పాటు కాంగ్రెసును విడిచారు. ఆ ఎన్నికలలో ఉత్తరదేశమంతటా కాంగ్రెసు కొట్టుకొనిపోగా దీవులలో మాత్రం కాంగ్రెసు అభ్యర్థి భక్త గెలిచారు. 1999లో భక్తను ఓడించి భారతీయ జనతాపార్టీ తరఫున రే వచ్చారు. 2004లో భక్త తిరిగి వచ్చారు. 2009, 2014లలో మరల రే. 2019లో కాంగ్రెసు అభ్యర్థి శర్మ 1,407 ఓట్ల తేడాతో బయటపడ్డారు. 2024లో మరల రే గెలిచారు. ఇంత తీవ్రమైన పోటీ జరిగే చోట నలుగురి పేర్లే ఎందుకు తిరుగుతున్నవి? నాకు తోచిన కారణం చెబుతాను. రాష్ట్రంలోనైతే ఒక పార్టీలో నలభై, ఏభైమంది శాసనసభ్యులు, పదిమంది మంత్రులు తయారవుతారు. బడ్జెట్ చదవడం నేర్చుకొంటారు, అధికారిని ప్రశ్నించడం నేర్చుకొంటారు, పొరపాట్లు చేసి ప్రజలచేత శిక్షింపబడతారు. దీవులలో ఆ బడి లేదు. ఉన్నది ఒకే కుర్చీ. దానిలో కూర్చున్నవాడు ఎంత సమర్థుడైనా ఢిల్లీకి వినతిపత్రాలు మోయవలసినవాడే. భక్త ఎనిమిది పర్యాయాలు గెలిచి కూడ శాసనసభను తేలేకపోయారు. దానిని ఆయన చేతగానితనమనుట న్యాయం కాదు. 543 మందిలో ఒక్కడి మాటకు ఎంత బరువుంటుందో పెద్ద సమావేశాలలో చిన్న బ్రాంచి ప్రతినిధిగా కూర్చున్న ప్రతివాడికి తెలుసు.

మధ్యలో ఒక ప్రయోగం జరిగినది. 1979 నాటి రెగ్యులేషన్ క్రింద ప్రదేశ్ కౌన్సిల్ అనే సలహా సంఘాన్ని ఏర్పరచారు. సలహా చెప్పవచ్చును, అంతే. పంచాయతీ వ్యవస్థ వచ్చిన తరువాత అదీ కాలగర్భంలో కలిసినది. రెగ్యులేషన్‌తో ఇచ్చినదానిని రెగ్యులేషన్‌తో తీసివేయవచ్చును. 2023 ఏప్రిల్‌లో తపాలాశాఖలో ఎన్.ఎఫ్.పి.ఇ. గుర్తింపును ఒక్క ఉత్తరువుతో రద్దు చేసినప్పుడు మనవారికి కలిగిన అనుభవంతో దీనిని పోల్చి చూడండి. మన సంఘాల మధ్య ఎన్ని విభేదాలున్నా ఆ ఉత్తరువు చూచి అందరూ ఉలిక్కిపడ్డారు.

ఇక మిగిలినవి జిల్లా పరిషత్తులు, పంచాయతీలు, పోర్టు బ్లెయిర్ పురపాలక మండలి. (పోర్టు బ్లెయిర్‌కు 2024 సెప్టెంబరులో శ్రీ విజయపురం అని పేరు పెట్టారు. ఆ ప్రకటన కూడ ఢిల్లీలో హోంమంత్రి చేసినదే.) మండలిలో 24 వార్డులు. 2022 ఎన్నికలలో కాంగ్రెసుకు గాని, భారతీయ జనతాపార్టీకి గాని సొంత ఆధిక్యం రాలేదు. తెలుగుదేశం పార్టీకి రెండు వార్డులు వచ్చినవి. మరుసటి సంవత్సరం, 2023 మార్చిలో, భారతీయ జనతాపార్టీ మద్దతుతో తెలుగుదేశం సభ్యురాలు ఎస్. సెల్వి అధ్యక్షురాలైనారు. అప్పటికి ఆంధ్రదేశంలో ఆ రెండు పార్టీల మధ్య పొత్తు లేదు. 2018లో విడిపోయి 2024 మార్చిలోగాని తిరిగి కలియలేదు. దీవులలో ఏడాది ముందే కలిసినారు! ఆంధ్రలో ఈ వార్తను కొందరు భాషాభిమానంతో పండుగవలె చెప్పుకొన్నారు. ఇద్దరు సభ్యులు గల పార్టీకి అధ్యక్ష పదవి దక్కుట తెలుగువారి ఓటుకు విలువ పెరిగినదనుటకు గుర్తే, కాదనను. కాని ఆ పదవి పరిధి ఎంత? వీధులు, కాలువలు, మంచినీరు, లైసెన్సులు. భూమి, అడవి, ఓడలు, ఆసుపత్రులు, ఉద్యోగ నియామకాలు, కూలిరేట్లు అన్నీ సచివాలయంలోనే ఉన్నవి. ప్రధాన భూభాగపు పార్టీలు అక్కడికి పోయి భాషలవారీగా ఓట్లు లెక్కపెట్టుకొంటున్నవేగాని, ఆ సచివాలయపు తాళపుచెవిని ప్రజల చేతికి ఇప్పించుట తమ మొదటి పనిగా ఏ పార్టీయు పెట్టుకొనలేదు. ఎక్కడ ప్రతిపక్షంలో ఉంటే అక్కడ శాసనసభ ముచ్చట ఎత్తుట, ఢిల్లీలో అధికారం రాగానే మరచుట అన్ని పార్టీలకు అలవాటైనది.

కొన్నేళ్ళ క్రితం సంఘకార్యం మీద నేను అక్కడికి వెళ్ళినప్పుడు ఇచ్ఛాపురం ప్రాంతపు తాపీమేస్త్రి ఒకాయన, నన్ను ఏదో పార్టీ మనిషి అనుకొని, ఇట్లా అన్నాడు: "ఓటుకైతే మా ఈధిలోకి అందరూ వస్తారండి బాబూ. పని పడితే ఆఫీసుకి ఎల్లమంటారు. ఆఫీసాయన ఢిల్లీ రాయాలంటాడు. ఢిల్లీ నేనెల్లి రాయాలా ఏటి?" నేను యూనియన్ వాడనని చెప్పగా నవ్వి, "మీరూ అక్కడికే రాస్తారు కదండి" అన్నాడు. నాకు సమాధానం తోచలేదు.

రైల్వేలో, తపాలాలో మనకు పోటీ సంఘాలు లేవా? ఉన్నవి. గుర్తింపు ఎన్నికలలో ఒకరినొకరం ఎంత దూషించుకొన్నామో 2024 డిసెంబరులో జరిగిన రైల్వే రహస్య బ్యాలెట్ చూచినవారందరికి తెలుసు. అయినప్పటికీ గెలిచినవాడు పి.ఎన్.ఎం. సమావేశంలో జనరల్ మేనేజర్ ఎదుట కూర్చొని ఒక అంశం మీద లిఖితపూర్వక సమాధానం కోరగలడు. 1966 నుండి జె.సి.ఎం. కలదు. అది ఎంత నత్తనడక నడచినా బల్లకు అవతల కూర్చున్న అధికారి నోరు విప్పక తప్పదు. ఆ బల్ల ఉన్నందుననే మన పోటీకి అర్థమున్నది. ఏ సంఘం ఏమి సాధించినదో సభ్యుడు లెక్క అడుగగలడు. దీవులలో పార్టీలకు ఆ బల్ల లేదు. అందుచేత ఓటరు ఎవరిని లెక్క అడగవలెనో తెలియక, తన భాషవాడు ఎవరు, తన ఊరివాడు ఎవరు అని చూచుకొంటున్నాడు. అతనిని నిందించి ప్రయోజనం లేదు.

దీని ఫలితం శ్రమజీవులకు ఎట్లా తగిలినదో చూడండి. దీవుల పరిపాలన క్రింద దినవేతన మజ్దూర్లు కొన్ని వేలమంది కలరు. క్రమబద్ధ ఉద్యోగి కనీస జీతంలో ముప్పైయవ వంతు, దానిపై కరువుభత్యం తమకూ ఇవ్వవలెనని అండమాన్ సార్వజనిక్ నిర్మాణ్ విభాగ్ మజ్దూర్ సంఘ్ కోర్టుకెక్కినది. తపాలాశాఖలోని మన పెద్దలకు ఈ కోరిక క్రొత్త కాదు. 1987లో తపాలా తంతి శాఖ దినవేతన కూలీల కేసులో సుప్రీంకోర్టు దాదాపు ఇదే న్యాయాన్ని చెప్పినది. మూడున్నర దశాబ్దాల తరువాత అదే మాట కోసం దీవుల కూలివాడు మరల కోర్టు మెట్లెక్కవలసి వచ్చినది. కలకత్తా హైకోర్టు వారి పోర్టు బ్లెయిర్ సర్క్యూట్ బెంచి 2022 డిసెంబరులో ఇచ్చిన ఉత్తరువు అమలు కాలేదు. 2023 ఆగస్టు 3న ఆ బెంచి కోర్టు ధిక్కారం క్రింద చీఫ్ సెక్రటరీని సస్పెండ్ చేసి, లెఫ్టినెంట్ గవర్నర్‌కు అయిదు లక్షల రూపాయల జరిమానా విధించినది. మరుసటి రోజుననే సుప్రీంకోర్టు దానిపై స్టే ఇచ్చినది. న్యాయవివాదం సంగతి అట్లుంచండి. నాకు ఆశ్చర్యం కలిగించినది వేరొకటి. ఒక రాష్ట్రంలో వేలాది కూలీల వేతనం విషయమై ఇంత రగడ జరిగితే ప్రతిపక్షం సభను స్తంభింపజేసేది, మంత్రి సమాధానం చెప్పేవాడు, వచ్చే ఎన్నికలలో అది ప్రచారాంశమయ్యేది. ఇక్కడ ఆ పోరాటమంతా న్యాయవాదులకు, అధికారులకు మధ్యనే నడచినది. పార్టీలు ప్రకటనలు మాత్రం చేయగలవు.

గ్రేట్ నికోబార్ పథకం కూడ అంతే. ఓడరేవు, విమానాశ్రయం, విద్యుత్ కేంద్రం, క్రొత్త పట్టణం అని 72 వేల కోట్ల రూపాయల అంచనాతో మొదలుపెట్టిన ఈ పథకం కోసం సుమారు 130 చదరపు కిలోమీటర్ల అడవిని వినియోగించుటకు 2022లో అనుమతులు ఇచ్చారు. స్థానిక గిరిజన మండలి 2022 ఆగస్టులో అంగీకారపత్రం ఇచ్చి, నవంబరులో దానిని ఉపసంహరించుకొన్నది. పథకం ఆగలేదు. అది మంచిదా చెడ్డదా అనే చర్చకు ఇది చోటు కాదు. కాని ఆ చర్చ జరుగవలసిన సభ ఏదీ ఆ దీవులలో లేదు కదా.

జనాభా చాలదని అధికారులు చెబుతారు. 1972లో మిజోరామ్ కేంద్రపాలిత ప్రాంతమై శాసనసభ పొందినప్పుడు దాని జనాభా మూడు లక్షల ముప్పై వేలు. అండమాన్ ఆ సంఖ్యను ఎన్నడో దాటినది. మన తెలుగువారి యానాంనే తీసుకొనండి. 2011లో అక్కడి జనం 55 వేల చిల్లర, దీవులలోని తెలుగువారికంటె కొంచెమే ఎక్కువ. పుదుచ్చేరి శాసనసభలో యానాంకు ఒక సభ్యుడు కలడు. మల్లాడి కృష్ణారావు అక్కడి నుండి మంత్రియైనారు. 2021లో ఒక స్వతంత్ర అభ్యర్థి ఆ యానాంలో రంగస్వామి అంతటి నాయకుని ఓడించాడు. ఓటరు తన అసంతృప్తిని అంత స్పష్టంగా చెప్పగలిగాడు. అయితే పుదుచ్చేరియే స్వర్గమని నేననను. లెఫ్టినెంట్ గవర్నర్‌కు, నారాయణస్వామి మంత్రివర్గానికి మధ్య అయిదేండ్లు జరిగిన తగవు, 2021 ఫిబ్రవరిలో సభ్యుల రాజీనామాలతో ఆ మంత్రివర్గం కూలుట మనమెరుగుదుము. రాజీనామా చేసినవారిలో యానాం సభ్యుడూ ఉన్నారు. సభ ఉంటే ఫిరాయింపులూ ఉంటవి. ఫిరాయించినవాడి పేరు ప్రజలకు తెలుస్తుంది, అంతవరకు నయం.

రెండవ అభ్యంతరం బరువైనది. దీవులకు అసలు హక్కుదారులు నికోబారీలు, షోంపెన్‌లు, జారవాలు, ఓంగీలు, సెంటినలీలు. వలస వచ్చినవారిదే నేడు పెద్ద సంఖ్య. శాసనసభ ఇస్తే ఆ సభలో వలసవారి ఓట్లే నెగ్గి, గిరిజనుల భూమికి ఎసరు వస్తుందనే భయం ఉత్త మాట కాదు. ఓట్ల కోసం అటవీభూమి ఆక్రమణలను క్రమబద్ధం చేయిస్తామనే వాగ్దానాలు ఏ ప్రాంతంలోనైనా మనం వింటున్నవే. అందులో మన తెలుగువారు కూడ ఆశపడరని నేను హామీ ఇవ్వలేను. కనుక 1956 నాటి ఆదిమజాతుల రక్షణ రెగ్యులేషన్‌ను ముట్టే అధికారం ఆ సభకు ఉండరాదు. నికోబార్ గిరిజన మండళ్ళ సమ్మతి లేనిదే అక్కడి భూమిపై ఏ తీర్మానమూ చెల్లరాదు. ఈ షరతు లేని శాసనసభను మనం బలపరచకూడదని నా అభిప్రాయం. కొందరు మిత్రులు దీనిని ఒప్పుకొనరని తెలుసు.

సోదరులారా, రైలుపట్టా లేని దీవులతో రైల్వే కార్మికునికి ఏమి పని అని అడగవచ్చును. పోర్టు బ్లెయిర్ నుండి డిగ్లీపూర్‌కు రైలుమార్గం వేస్తామని 2017 ప్రాంతంలో ప్రకటన వచ్చినది, పట్టా మాత్రం పడలేదు. తపాలా సోదరులకైతే నేరుగా సంబంధమున్నది. దీవుల తపాలా డివిజన్ పశ్చిమబెంగాల్ సర్కిల్ క్రింద నడుస్తున్నది, ఓడ ఆలస్యమైతే క్యాంప్‌బెల్ బే సంచి ఎన్నాళ్ళకు చేరుతుందో వారికి తెలుసు. రాబోయే ఫెడరల్ కౌన్సిల్‌లో రెండు తీర్మానాలు ప్రతిపాదించదలచినాను. ఒకటి, పైన చెప్పిన షరతులతో దీవులకు శాసనసభ కోరుట. రెండవది, దినవేతన మజ్దూర్ల వేతన సమస్యపై దీవుల కార్మికసంఘాలతో, వాటి జెండా ఏదైనా సరే, కలిసి కూర్చొనుట. సవరణలుంటే బ్రాంచి కార్యదర్శులు నెలాఖరులోగా వ్రాసి పంపవలెను. ఆ మేస్త్రికి సమాధానం బాకీ ఉన్నాను.