తెర మీద తారీఖులు

డాక్యుమెంటరీ దర్శకుడు మైఖేల్ మూర్ అనగానే 2003 ఆస్కార్ వేదిక మీద ఇరాక్ యుద్ధాన్ని నిలదీసినవాడు, మరుసటి ఏడాది కాన్ ఉత్సవంలో ‘ఫారెన్‌హైట్ 9/11’కి పామ్ డోర్ అందుకున్నవాడు గుర్తొస్తాడు. అంతకు పాతికేళ్ల ముందు అతను అమెరికాలోని ఫ్లింట్ నగరంలో ‘ఫ్లింట్ వాయిస్’ అనే చిన్న ప్రత్యామ్నాయ పత్రిక పెట్టాడు. అదే తర్వాత ‘మిషిగన్ వాయిస్’ అయింది. 1908లో జనరల్ మోటార్స్ పుట్టింది ఆ ఊళ్లోనే. 1936-37 చలికాలంలో కార్మికులు ఫ్యాక్టరీల్లోనే బైఠాయించి కంపెనీ చేత యూనియన్‌ను గుర్తింపజేసిందీ అక్కడే. ఆ పత్రికలో బెన్ హాంపర్ అనే అసెంబ్లీ లైన్ కార్మికుడు తన పని గురించి తనే శీర్షిక రాసేవాడు. పెద్ద పత్రికలు కార్మికుణ్ణి వార్తగా చూస్తే, మూర్ అతణ్ణి రచయితను చేశాడు. అతని సినిమాల సత్తువంతా ఇక్కడిదేనని, అవి గాడి తప్పింది ఈ పత్రికా క్రమశిక్షణను వదిలిన చోటేనని నా అభిప్రాయం.

1986లో ‘మదర్ జోన్స్’ సంపాదకుడిగా వెళ్లి కొన్ని నెలలకే ఉద్యోగం పోగొట్టుకున్న మూర్, కోర్టు రాజీలో వచ్చిన డబ్బును ‘రోజర్ అండ్ మి’లో పెట్టాడు. 1989లో వచ్చిన ఆ సినిమాలో అతను జనరల్ మోటార్స్ అధిపతి రోజర్ స్మిత్ కోసం తిరుగుతాడు. ఈలోగా అద్దె కట్టలేని కుటుంబాల సామాన్లు వీధిన పడుతుంటాయి. బయటి ఊరివాడికి దొరికే దృశ్యాలు కావవి. కానీ సినిమాలో తారీఖులు తారుమారయ్యాయి. రేగన్ ఫ్లింట్‌కు వచ్చి నిరుద్యోగులకు పిజ్జా తినిపించింది 1980లో, అప్పటికి అతను అధ్యక్ష పదవికి అభ్యర్థి మాత్రమే. ఆటోవరల్డ్ అనే వినోదశాల తెరిచింది 1984లో. చూసేవాళ్లకు మాత్రం ఇవన్నీ 1986లో జనరల్ మోటార్స్ ప్రకటించిన ఫ్యాక్టరీల మూసివేత తర్వాత జరిగినట్టు అనిపిస్తుంది. ‘ఫిల్మ్ కామెంట్’ పత్రికలో హార్లన్ జేకబ్సన్ దీన్ని నిలదీశాడు.

సినిమా అంటే పత్రిక కాదు, కథనానికి ఆ స్వేచ్ఛ ఉండాలంటారు మూర్ అభిమానులు. కల్పితకథకు ఆ స్వేచ్ఛ ఉంది. నిజమైన ఊరినీ, నిజమైన మనుషుల పేర్లనూ చూపించి నమ్మమని అడిగే సినిమాకు లేదు. పైగా అవసరమేముంది? ఉద్యోగాలు ఏళ్ల తరబడి, విడతలు విడతలుగా పోయాయన్న అసలు నిజం ఇంకా భయంకరమైనది: అన్నేళ్లలో ఆపడానికి ఎవరికీ తీరిక దొరకలేదని అది చెబుతుంది. తారీఖులు తారుమారు చేసిన ఆ తప్పు వల్ల నష్టపోయింది ఫ్లింట్. చర్చంతా ఫ్యాక్టరీల మీంచి ఎడిటింగ్ మీదికి మళ్లింది. చిన్న పత్రిక గొంతు ఊరు దాటదు, సినిమా కాబట్టే లోకం విన్నదన్న వాదన మాత్రం కాదనలేనిది. వార్నర్ బ్రదర్స్ ఆ సినిమాను కొని దేశమంతా ఆడించింది. అయితే ఎంత దూరం వినిపిస్తే అంత కచ్చితంగా మాట్లాడాలి. పత్రికలో తప్పు పడితే మర్నాడు సవరణ వేసుకోవచ్చు, థియేటర్ దాటి వెళ్లిన ప్రేక్షకుణ్ణి మళ్లీ పిలవలేం.

2018లో మూర్ ‘ఫారెన్‌హైట్ 11/9’తో మళ్లీ ఫ్లింట్‌కు వచ్చాడు. ఈసారి విషయం తాగునీరు. 2014 ఏప్రిల్‌లో ఊరికి నది నీళ్లు వదిలారు, పైపుల్లోని సీసం తాగునీటిలో కలిసింది. ఆ నీళ్లు ఇంజన్ భాగాలను తినేస్తున్నాయని జనరల్ మోటార్స్ మొరపెట్టుకుంటే అదే ఏడాది అక్టోబరులో ఫ్యాక్టరీకి వేరే నీళ్లిచ్చారు. పిల్లలున్న ఇళ్లకు మరో ఏడాది పాటు నది నీళ్లే వచ్చాయి.